పంచె అవతలి గొంతు

మా ఆయన పోయాక నేను ఏడవలేదు. గొప్పకి చెప్పడం లేదు, సిగ్గుపడుతూ చెప్పడమూ లేదు. మా ఊళ్ళో అందరికీ తెలిసిన సంగతే కాబట్టి ముందే చెప్పేస్తే ఒక పనైపోతుంది.

ఆయన అమలాపురం దగ్గర ఒక హైస్కూల్లో సైన్సు మాస్టారు. ఒక మధ్యాహ్నం స్టాఫ్ రూములో క్యారేజీ మూత తీస్తూ, గుండెల్లో నొప్పిగా ఉందని పక్క మాస్టారితో చెప్పి కుర్చీలో వెనక్కి వాలారట. అంతే. నేను ఆస్పత్రికి చేరేసరికి నాకు చెప్పవలసిన మాట ఎవరు చెప్పాలా అని వాళ్ళంతా ఒకరి మొహం ఒకరు చూసుకుంటున్నారు. ఎవరూ చెప్పకుండానే తెలిసిపోయింది. మర్నాడు రాజోలు దగ్గర మా ఊళ్ళోనే సమాధి చేశారు.

మావాళ్ళలో పెట్టె మూసే ముందు ఇంటిల్లిపాదీ దాని చుట్టూ నిలబడి ఒక ఫోటో తీయించుకుంటారు. పెళ్ళి ఫోటో ఎంత ముఖ్యమో అదీ అంతే. మా ఊరి పెళ్ళిళ్ళకీ సమాధులకీ వచ్చే స్టూడియో అతను ఎదురుగా నిలబడి కెమెరా ఎత్తాడు. మా వెనక చర్చి తలుపులు బార్లా తీసి ఉన్నాయి. బయట ఎండ మండిపోతోంది. "మా వెనకనించి వెలుతురొస్తోంది, అందరి మొహాలూ నల్లగా పడతాయి. తలుపులు మూయించి తియ్యి" అన్నాను. అతను మూయించి తీశాడు. ఫోటో శుభ్రంగా వచ్చింది. సాయంత్రానికల్లా ఆ మాట ఊరంతా తిరిగింది, మొగుడి పెట్టె పక్కన నిలబడి వెలుతురు సంగతి మాట్లాడిందని. మాట్లాడాను మరి. లేకపోతే నల్లగా వచ్చేది.

తర్వాత ఒకరోజు పాస్టరమ్మగారు ఇంటికొచ్చి నా చెయ్యి పట్టుకున్నారు. "మనసులో పెట్టుకోకమ్మా. ఏడ్చెయ్. తేలికవుతుంది" అన్నారు. ఏడుద్దామనే చూశాను. రాలేదు. ఆవిడకి టీ పెట్టాను. మసిగుడ్డ లేకుండా వట్టి చేతుల్తో గిన్నె దించేశానని ఆవిడ కేకేస్తే గానీ నాకు తెలియలేదు. వేళ్ళు బొబ్బలెక్కాయి. అవి మానేదాకా వాటిని ఇంకెవరివో వేళ్ళని చూసినట్టు చూస్తూ ఉండేదాన్ని. తినడం తింటూనే ఉన్నాను, నిద్రపోవడం పోతూనే ఉన్నాను, అత్తయ్యగారికి వేళకి బీపీ మాత్ర ఇస్తూనే ఉన్నాను. కూరలో ఉప్పు వెయ్యకపోతే ఆవిడ చెప్పాలి. నా నాలిక్కి తేడా తెలిసేది కాదు.

అత్తయ్యగారు నాలా కాదు. ఎలిమెంటరీ స్కూల్లో హెడ్ మిస్ట్రెస్‌గా చేసి రిటైరైన మనిషి. ఊళ్ళో సగం మంది ఆవిడ చేతి బెత్తం రుచి చూసినవాళ్ళే. కొడుకు పోయిన దగ్గర్నించి ఆవిడ బాహాటంగా ఏడ్చేవారు, పాటలు పాడుతూ ఏడ్చేవారు, మధ్యలో పాట ఆపేసి దేవుణ్ణి నిలదీసేవారు. అదయ్యాక ముక్కు తుడుచుకుని "ఏం కూరొండేవే?" అని అడిగేవారు. నువ్వు ఏడవలేదేమని ఆవిడ నన్ను ఒక్కసారి కూడా అడగలేదు. అందుకు నేను ఆవిడకి రుణపడి ఉన్నాను.

ఇక నా పని సంగతి చెప్పాలి. నేను సినిమాలు తీస్తాను. ఈ మాట అనగానే మా బంధువులు అడిగేది "హీరో ఎవరమ్మా?" అని. హీరో లేడు, కథ లేదు, రిలీజు లేదు అంటే, మరెందుకు తియ్యడం అన్న ప్రశ్న వాళ్ళ మొహం మీద కనిపిస్తుంది గానీ నోటమ్మట రాదు. మా కోనసీమ మర్యాద అలాంటిది. "ఇంకో గ్లాసు మజ్జిగ పుచ్చుకోండి" అని మాట మార్చేస్తారు. నేను బొమ్మలు వెయ్యడం నేర్చుకున్నదాన్ని. వేసిన బొమ్మ ఎక్కడిదక్కడే ఉండిపోవడం విసుగుపుట్టి కెమెరా పట్టాను. పెద్ద ఊళ్ళలో గ్యాలరీల్లో, చీకటి చేసిన గదుల్లో నా సినిమాలు గోడల మీద ఆడుతుంటాయి. జనం వచ్చి కాసేపు నిలబడి చూసి పోతారు. కొందరు మళ్ళీ వస్తారు. నాకు అది చాలు.

నా సినిమాల్లో ఎక్కువగా ఉండేది ఒక తెల్ల పంచె. మా మామగారు ఆదివారాలు చర్చికి కట్టుకెళ్ళినది. ఆయన పోయాక బీరువాలో మిగిలింది. దాని పై అంచుని ఒక వెదురు కర్రకి కట్టి, కాలువ గట్టు మీద ఎత్తి పట్టుకుంటే నీళ్ళ మీది వెలుతురు దాని మీద ఆడుతుంది. కొబ్బరాకుల నీడ పడుతుంది. గట్టు మీద పోయే సైకిలు నీడ ఒక కొసనించి ఇంకో కొసకి దాటిపోతుంది. నేను కాలువని తియ్యను, పంచె మీద కదిలే కాలువని తీస్తాను. పంచెని చెట్టుకి కట్టి చూశాను. ఆరేసిన బట్టలా వేలాడింది. మనిషి పట్టుకుంటే వేరు. గాలికి మనిషి కొంచెం ఒరుగుతాడు, చెయ్యి నొప్పెట్టి కొంచెం దించుతాడు, మళ్ళీ ఎత్తుతాడు. ఆ బతుకు పంచెలోకి వస్తుంది.

పట్టుకునే మనిషి మా ఆయన. ఆదివారం ఆరాధన అయ్యాక, బడికి సెలవులిచ్చినప్పుడు, కర్రని రెండు చేతులా తలకి పైన ఎత్తి పట్టుకుని పంచె వెనక నిలబడేవారు. నాకు కెమెరాలోంచి కనిపించేది పైన కర్ర చుట్టూ ఆయన వేళ్ళు, కింద ఆయన చెప్పులు. ఆ రెండూ కూడా తర్వాత కంప్యూటర్లో అంచులు కత్తిరించి తీసేసేదాన్ని.

కెమెరా ఆన్ చేసి "రెడీయేనాండీ?" అని అడిగేదాన్ని. పంచె అవతలనించి "ఆయ్" అనేవారు. మా వైపు అవునండీ అనడానికి ఆ మాట చిన్నవాళ్ళు పెద్దవాళ్ళకి చెప్తారు, బంట్రోతు ఆఫీసరుకి చెప్తాడు. మొగుడు పెళ్ళానికి చెప్పడు. మొదటిసారి వేళాకోళానికే అన్నారు, నేను గట్టు మీద నిలబడి కలెక్టరమ్మలా ఆర్డర్లు వేస్తున్నానని. రాను రాను వేళాకోళం పోయి మాట మిగిలింది. ఆయ్ అన్నాక ఇక నోరు మెదిపేవారు కాదు. దోమలు కుట్టినా, కాళ్ళకి చీమలు పట్టినా అంతే. అసలే తక్కువ మాట్లాడే మనిషి.

వెలుతురు పోయాక నేను కెమెరా కట్టేసి "ఇంటికెళ్దామాండీ?" అనేదాన్ని. అప్పుడు కర్రనించి పంచె విప్పి, రెండు కొసలు ఆయన, రెండు కొసలు నేను పట్టుకుని మడతపెట్టేవాళ్ళం. ఆయన నడిచొచ్చి తన చేతిలో కొసలు నా చేతిలో పెట్టి, కింద వేలాడే మడత అందుకుని మళ్ళీ వెనక్కి వెళ్ళేవారు. మళ్ళీ వచ్చేవారు. గట్టు మీద పొలాలనించి వచ్చేవాళ్ళు చూస్తూనే ఉంటారు కదా. అందరి ముందూ మా చేతులు ఒకదానికొకటి తగిలేది అప్పుడే.

ఇంకో సంగతి. నా సినిమాలకి శబ్దం ఉండదు. మా వైపు దానికి కొరతా? తెల్లారకుండానే గుడి మైకు, దాని వెనకాలే చర్చి మైకు, టిఫిన్ల వేళకి ఉల్లిపాయల ఆటో మైకు. ఇన్నిటి మధ్య ఒక్కచోటైనా ఊరికే కూర్చుని చూసే వీలుండాలని నా మంకుపట్టు. షూటింగు నించి రాగానే కంప్యూటర్లో నేను చేసే మొదటి పని శబ్దాన్ని తుడిచెయ్యడం. ఆ తర్వాత ప్రతి షాటు మొదట్లో కెమెరా సర్దుకునే ముక్క కత్తిరించెయ్యడం. ఆయన ఆయ్ అన్న ముక్క ఆ చెత్తలోనే పోయేది.

ఏడాది కావస్తుండగా జ్ఞాపకార్థ కూడిక మాట వచ్చింది. సమాధి అయిన ఏడాదికి చర్చిలో ప్రార్థన పెట్టి, పోయినవాళ్ళ గురించి నాలుగు మాటలు చెప్పి, భోజనాలు పెట్టడం మావాళ్ళలో ఉంది. ఈ మధ్య ఒక వీడియో కూడా వేస్తున్నారు. స్టూడియో అతను తనంతట తానే ఒకటి చేసి పట్టుకొచ్చాడు. మా ఆయన ఫోటోలు ఒకదాని వెనక ఒకటి తిరుగుతూ వచ్చాయి, గులాబీ రేకులు రాలాయి, చివర తెల్ల పావురాలు ఎగిరిపోయాయి. వెనకాల పాట. పాపం అభిమానంగానే చేశాడు. అత్తయ్యగారు చివరిదాకా చూశారు.

"అబ్బాయ్, పావురాలు బానే ఉన్నాయి గానీ, మావాడు మాట్లాడడేంట్రా?" అన్నారు.

"ఫోటోలు కదండీ మేడంగారూ."

"నాకు వాడి గొంతు వినాలనుంది" అన్నారు ఆవిడ. అతనితో అని నా వైపు చూశారు. "మొహం నా కళ్ళల్లో ఉంది. గొంతు పోతంది, అమ్మాయ్. మొన్న పడుకుని వాడు అమ్మా అని ఎలా అంటాడో గుర్తు తెచ్చుకుందామంటే, మీ మామగారి గొంతొచ్చింది."

అప్పటికి నాకు ఏమీ అనిపించలేదు. ఆవిడ అడిగింది పెద్ద కోరికేమీ కాదు, దొరుకుతుందిలే అనుకున్నాను. ఇద్దరం వెతకడం మొదలుపెట్టాం. ఆయన ఫోన్లో ఆయన తీసినవి ఉన్నాయి గానీ ఆయన్ని తీసినవి లేవు. వాట్సాప్‌లో మనిషి ఎప్పుడూ బొటనవేలు బొమ్మ పంపడమే తప్ప మాట పంపిన పాపాన పోలేదు. చుట్టాల పెళ్ళి వీడియోలు తెప్పించాం. ఆయన మేనమామ కూతురి పెళ్ళిలో, బంతిలో నిలబడి ఎవరికో సాంబారు వడ్డిస్తూ ఏదో అంటున్నారు. నవ్వుతున్నారు. పెదాలు కదులుతున్నాయి. పైన సన్నాయీ డోలూ కలిపిన ఒక పాట మోగుతోంది. పెళ్ళి వీడియోల్లో మాటలు ఎవరు ఉంచుతారు? అత్తయ్యగారు కుర్చీ టీవీ దగ్గరికి లాక్కుని సౌండు పెంచమన్నారు. పెంచాను. పాట పెద్దదైంది. ఇంకా పెంచమన్నారు. పక్కింటివాళ్ళు కిటికీలోంచి తొంగిచూశారు. ఆవిడ చెయ్యి ఊపి ఆపెయ్యమన్నారు.

"నీ సినిమాల్లో?" అని అడిగారు.

నా సినిమాల్లో శబ్దం తుడిచేస్తానండీ అన్నాను.

"అన్నిట్లోనూ?"

"అన్నిట్లోనూనండీ."

ఆవిడ కుర్చీని మళ్ళీ వెనక్కి జరుపుకుని, "పోన్లే" అన్నారు. తిట్టినా బాగుండేది.

మా కోనసీమలో చెమ్మకి దేనికైనా బూజు పడుతుంది. తోలు చెప్పులకి, పెళ్ళి ఆల్బాలకి, బైబిలు అట్టకి. కెమెరా అద్దాల లోపల కూడా సాలెపట్టు అల్లినట్టు పడుతుంది. దానికి ఏదో కరెంటు బీరువా కొనుక్కోవాలని పట్నంలో చెప్తే, మా ఆయన నవ్వి, అద్దాల్ని గుడ్డసంచిలో పెట్టి తీసుకెళ్ళి అత్తయ్యగారి బియ్యం డ్రమ్ములో పాతేశారు. బియ్యం చెమ్మ పీలుస్తాయట. సైన్సు మాస్టారు కదా. "అన్నంలో అద్దాలు వండమంటావేంట్రా?" అని ఆవిడ యాగీ చేశారు గానీ అలవాటుపడ్డారు. ఆయన పోయాక నేను కెమెరా ముట్టుకోలేదు. అద్దాలు బియ్యంలోనే ఉన్నాయి.

పెళ్ళి వీడియోల గొడవ అయిన వారం, డ్రమ్ము అడుగంటింది. అత్తయ్యగారు వంగి డబ్బాతో బియ్యం గీకుతుంటే వేపాకుల మధ్య చిన్న మూట తగిలింది. అద్దాల సంచి కాదు. చొక్కా జేబు గుడ్డతో కుట్టిన సంచి. విప్పితే కెమెరాలో వేసే మెమరీ కార్డులు.

నాకు గుర్తొచ్చింది. నా కెమెరాలో తీసినదంతా, శబ్దంతో సహా, ఒకేసారి రెండు కార్డుల మీద పడుతుంది, ఒకటి పాడైతే ఇంకోటి పనికొస్తుందని. నేను ఒకటే వాడుకునేదాన్ని. రెండోది నిండితే చెరిపేద్దామనేదాన్ని. ఆయన "ఉండనీ" అని తీసి జేబులో వేసుకునేవారు. ఎక్కడ పెడుతున్నారో నేను ఎప్పుడూ అడగలేదు. అత్తయ్యగారికి సంగతి చెప్పాను. ఆవిడ ఒళ్ళోంచి బియ్యం గింజలు దులుపుకుని, "మరింకేం, కూర్చో" అన్నారు.

కూర్చున్నాను. కొన్ని కార్డులు చచ్చిపోయాయి. చాలావరకు బతికే ఉన్నాయి. ప్రతి షాటూ ఒకేలా మొదలవుతుంది. గాలి, కాకులు, దూరంగా పడవ ఇంజను, తర్వాత నా గొంతు "రెడీయేనాండీ?" కాస్త ఆగి, "ఆయ్". ఆ తర్వాత మళ్ళీ గాలి. అంతే. కెమెరా ఆన్‌లో ఉండగా ఆయన ఇంకో మాట మాట్లాడలేదు. నాకు శబ్దం గిట్టదని తెలుసు కాబట్టి, నేను తుడిచేస్తానని కూడా తెలిసే, బుద్ధిగా నోరు మూసుకుని నిలబడ్డారు.

అన్ని ఆయ్‌లూ ఒకటి కావు. నోట్లో తంపటేసిన వేరుశనక్కాయలు పెట్టుకుని అన్నది ఒకటి. ఎండకి విసిగిపోయి అన్నది ఒకటి. ముమ్మిడివరం దాటాక ఒక రొయ్యల చెరువు గట్టు మీద తీసిన రోజు ఆయనకి జ్వరం. నాకు తర్వాత తెలిసింది. ఆ రోజుది బొంగురుగా, నూతిలోంచి వచ్చినట్టు ఉంటుంది. ఆయ్‌లన్నిటినీ ఏరి ఒక వరసలో పెట్టాను. బొమ్మ మార్చలేదు. పంచె, పైన వేళ్ళు, కింద చెప్పులు. ఈసారి వాటిని కత్తిరించలేదు.

నా గొంతు మాత్రం తీసేశాను. చెవిలో పడుతుంటే ఒళ్ళు మండింది. ఎంత దర్జాగా అడుగుతున్నానో. అయితే నేను అడిగినంతసేపటి జాగా అలాగే ఖాళీగా ఉంచాను, కలిపేస్తే ఆయన మాట మీద మాట వచ్చి పడుతోంది. ఇదంతా చేస్తున్నప్పుడు ఏమైనా అవుతుందేమోనని నన్ను నేనే కనిపెట్టుకుని ఉన్నాను. ఏమీ కాలేదు. మొగుడి గొంతుని ముక్కలు కోసి అతికిస్తూ, ఇక్కడ గాలి చప్పుడు ఎక్కువైంది, ఇక్కడ తగ్గించాలి అని చూసుకున్నాను. పని శుభ్రంగా వచ్చింది. నాకు భయం వేసింది అప్పుడే. ఇక ఇంతేనేమో, నేను ఇలాగే ఉండిపోతానేమో అని.

ముందే చూస్తారా అని అత్తయ్యగారిని అడిగాను. "అందరితో పాటే చూస్తాను. ఒక్కదాన్నీ చూడలేను" అన్నారు.

కూడిక రోజు చర్చి పక్కన హాల్లో కుర్చీలు వేశారు. వెనక షామియానాలో బిర్యానీ డేగిసాలు. స్టూడియో అతను పెద్ద టీవీ తెర తెస్తానంటే వద్దని, ప్రొజెక్టరు తెమ్మన్నాను. అదే కర్రకి అదే పంచె కట్టి, గోడకి రెండు మేకులు కొట్టించి వేలాడదీశాను. పాస్టరుగారు వాక్యం చెప్పారు. స్కూలు మాస్టార్లు మాట్లాడారు. పాటలయ్యాయి. తలుపులూ కిటికీలూ మూశారు. లోపల ఒకటే ఉక్క. పంచె మీద పంచె వెలిగింది. కర్ర మీద ఆయన వేళ్ళు కనిపించాయి. అత్తయ్యగారు ముందు వరసలో నా పక్కన కుర్చీ అంచుకి జరిగి కూర్చున్నారు.

అప్పుడు పాట మొదలైంది. నేను వెయ్యలేదు. పోయినవాళ్ళని తలుచుకునే కూడికల్లో అందరూ వేసే పాట, కీబోర్డూ తబలాతో హాలంతా నిండిపోయింది. నేను వెనక్కి తిరిగేసరికి స్టూడియో అతను నాకు ధైర్యం చెప్తున్నట్టు తలూపాడు. పరుగున వెళ్ళాను.

"పాటెందుకేశావ్?"

"ఇందాక ఒకసారి ఏసి చూసేనండీ. మీ దాంట్లో ఆడియో రాటం లేదండీ. మజ్జమజ్జలో ఏదో ముక్కొస్తంది, అంతే. కంప్యూటర్లో ఎగిరిపోయిందనుకుని నేనే ఏసేనండి, ఆయ్. ఊరికే చూడలేరు కదండీ జనం."

ఈలోగా ముందు వరసలో అత్తయ్యగారు లేచి నిలబడ్డారు. "ఆ పాటాపు" అన్నారు.

అతను పాస్టరుగారి వైపు చూశాడు. చర్చి హాల్లో, దేవుడి పాటని సగంలో ఆపడమెలాగా అని అతని బాధ. పాస్టరుగారు కళ్ళజోడు సర్దుకున్నారు.

"ఆపమన్నానా?" అన్నారు ఆవిడ. ఆ గొంతు వినగానే అతని చెయ్యి దానంతటదే వెళ్ళి పాట కట్టేసింది. మూడో తరగతిలో ఆవిడ దగ్గర చదివినవాడు మరి. మళ్ళీ మొదటినించీ వేశాడు.

ఈసారి గాలి వినిపించింది. ఎవరో దగ్గారు. ఒక కుర్చీ కిర్రుమంది. "ఆయ్" అంది పంచె. హాలు మొత్తం ఒక్కసారి బిగుసుకుంది. అత్తయ్యగారు ఇంకా నిలబడే ఉన్నారు. మళ్ళీ గాలి, నేను వదిలిన ఖాళీ, మళ్ళీ "ఆయ్". వేరుశనక్కాయల ఆయ్. ఎవరో చిన్నగా నవ్వి ఆపుకున్నారు. మళ్ళీ ఖాళీ వచ్చింది.

"అన్నం తిన్నావా, నాన్నా?" అన్నారు అత్తయ్యగారు.

"ఆయ్."

ఆవిడ రెండడుగులు ముందుకి వెళ్ళారు. తర్వాతది ఆవిడ నోరు తెరిచేలోపే వచ్చేసింది. ఆవిడ తలూపి, దాన్ని పోనిచ్చి, ఆగారు.

"నెప్పి తగ్గిందా?"

"ఆయ్."

"తగ్గిందా." ఆవిడ పైటకొంగు నోటికి అడ్డం పెట్టుకుని, తీసేశారు. "నేనొచ్చేదాకా ఉంటావా?"

"ఆయ్."

హాల్లో ఆడవాళ్ళంతా ఏడుస్తున్నారు. స్కూలు మాస్టార్లు ఏడుస్తున్నారు. స్టూడియో అతను చొక్కా భుజానికి కళ్ళు తుడుచుకుంటున్నాడు. నేను ప్రొజెక్టరు పక్కన నిలబడి చూస్తున్నాను. ఆ ఖాళీలు నేను ఉంచినవే. అవి దేనికి పనికొస్తాయో నాకు తెలియలేదు గానీ ఆవిడకి తెలిసింది. నా కళ్ళు మాత్రం పొడిగానే ఉన్నాయి.

భోజనాలయ్యాయి. ఒక పెద్దాయన విస్తరి దగ్గరనించి లేస్తూ "సినిమా బాగుందమ్మా. ఓ పాటుంటే ఇంకా నిండుగా ఉండును" అన్నారు. ఆయ్ అన్నాను. మధ్యాహ్నం తిరిగేసరికి జనం పల్చబడి, హాల్లో ఖాళీ కుర్చీలు మిగిలాయి. స్టూడియో అతను వైర్లు చుట్టుకుంటున్నాడు. అత్తయ్యగారు ముందు వరసలోంచి కదల్లేదు.

"నువ్వేం అడగలేదేం?" అన్నారు.

"ఏమడగనండీ?"

"అదీ నేనే చెప్పాలా? నీ మొగుడు కాదూ?" అని వెనక్కి తిరిగి, "అబ్బాయ్, ఇంకోసారెయ్యి" అన్నారు.

అతను చుట్టిన వైరు విప్పి, తలుపులు మూసి, వేశాడు. నేను ఆవిడ పక్కన కూర్చున్నాను. ఖాళీ వచ్చింది, పోయింది. ఆయ్. ఇంకోటి వచ్చింది, పోయింది. అడగడానికి ఏమీ దొరకలేదు. తిన్నారా అని ఆవిడ అడిగేశారు. నొప్పి సంగతి అడిగేశారు. రెడీయేనా అని మాత్రం ఇక అడగలేను. పంచె మీద కాలువ వెలుతురు తగ్గుతూ వస్తోంది, ముమ్మిడివరం చెరువు గట్టు వచ్చింది. అదే చివరిది, తర్వాత ఇంకేమీ లేదని నాకు తెలుసు. గాలి. ఖాళీ.

"ఇంటికెళ్దామాండీ?" అన్నాను.

నా గొంతు ఆ హాల్లో పెద్దగా, అదే దర్జాతో వినిపించింది.

"ఆయ్" అన్నారు, జ్వరం గొంతుతో.

బొమ్మ అయిపోయింది. వట్టి వెలుతురు మిగిలింది. నేను లేచి మేకుల మీంచి కర్ర దించి ముడులు విప్పాను. ఎవరూ చెప్పకుండానే అత్తయ్యగారు వచ్చి అవతలి రెండు కొసలు పట్టుకుని వెనక్కి వెళ్ళారు. పంచె మా మధ్య నిటారుగా సాగింది. తర్వాత ఆవిడ మెల్లగా, మోకాళ్ళ నొప్పుల మీద, నా దగ్గరికి నడిచి వచ్చి తన కొసలు నా చేతుల్లో పెట్టారు. ఆవిడ వేళ్ళు చల్లగా ఉన్నాయి. చల్లగా ఉన్నాయని నాకు తెలిసింది.

పంచె మొహానికి అదుముకుని నేను గట్టిగా, సిగ్గూ శరమూ లేకుండా, వెనక షామియానాలో డేగిసాలు కడుగుతున్నవాళ్ళకి వినిపించేలా ఏడ్చాను. కింద మడత అందుకోబోయిన అత్తయ్యగారు దాన్ని వదిలేసి నన్ను పట్టుకున్నారు. తలుపులు తియ్యమంటారాండీ అని స్టూడియో అతను అడిగాడు. ఉండమని ఆవిడ చెయ్యి ఊపారు.